రాసిన చేతికే పగ్గాలు: పాఠకుల ప్రశ్నలు, జవాబులు

గత సంచికలో ఈ శీర్షిక చివర, ‘బ్రేకింగ్ బ్యాడ్’ ధారావాహికను సృష్టించిన అమెరికన్ రచయిత, నిర్మాత విన్స్ గిలిగన్ గురించి నాలుగు మాటలు రాసి, సినిమాకూ టెలివిజన్‌కూ రాయడం గురించి, రాసినవాడే నిర్మాత కావడం గురించి సందేహాలుంటే పంపమని కోరాను. అనుకున్నదానికంటే ఎక్కువ ఉత్తరాలు వచ్చాయి. ఒకే విషయం అడిగినవాటిని కలిపి, ఏడింటికి ఇక్కడ జవాబు రాస్తున్నాను. ఆ ధారావాహిక చూడనివారి కోసం ఒక్క మాట: ఊపిరితిత్తుల క్యాన్సర్ బయటపడిన ఒక హైస్కూలు కెమిస్ట్రీ మాస్టారు, తాను పోయాక భార్యాబిడ్డలు వీధిన పడకూడదని మత్తుమందు తయారీకి దిగి, మెల్లమెల్లగా తానే ఒక ముఠా నాయకుడిగా మారిపోవడం అందులోని కథ. 2008 జనవరి 20న మొదలై, 2013 సెప్టెంబరు 29న 62వ ఎపిసోడ్‌తో ముగిసింది.

ప్రశ్న: ప్రతి ఎపిసోడ్‌కూ దర్శకుడి పేరు మారుతోంది గానీ, గిలిగన్ పేరు మాత్రం సృష్టికర్తగానూ ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్‌గానూ ప్రతిసారీ వస్తోంది. ఆయన సొంత డబ్బు పెట్టారా? మన దగ్గర దర్శకుడి మాటే చెల్లుతుంది కదా, అక్కడ రచయితకు ఆ పెత్తనం ఎలా వచ్చింది? (విజయవాడ నుంచి ఒక డిగ్రీ విద్యార్థి)

మీ సందేహానికి మూలం ‘నిర్మాత’ అన్న మాటలోనే ఉంది. మన దగ్గర నిర్మాత అంటే డబ్బు పెట్టేవాడు, ఫైనాన్షియర్ దగ్గర వడ్డీకి తెచ్చయినా సినిమా పూర్తి చేసేవాడు. ‘ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్’ అంటే ఆ నిర్మాత తరఫున కాల్షీట్లు, అనుమతులు, రోజువారీ ఖర్చులు చూసుకునే ఉద్యోగి. అమెరికన్ టెలివిజన్‌లో అదే పేరు అన్నిటికంటే పై మెట్టుది, ఆ మెట్టు మీద నిలబడేది చాలావరకు రచయితే. ‘బ్రేకింగ్ బ్యాడ్’ విషయంలో డబ్బు సోనీ పిక్చర్స్ టెలివిజన్ స్టూడియోది, ప్రసారం ఏఎంసీ చానెల్‌ది. గిలిగన్ పెట్టుబడి ఆయన రాసిన కాగితమూ, ఆ కాగితం తెర మీదికి వచ్చేదాకా వెంట నడిచిన ఆయన కాలమూ.

రచయితకు ఆ స్థానం ఎవరో దయతలచి ఇచ్చింది కాదు, పని స్వభావం వల్ల వచ్చింది. వారం వారం వచ్చే ధారావాహికకు దర్శకుడు అతిథి. వస్తాడు, కొన్ని రోజులు సన్నాహాలు చేసుకుంటాడు, తన ఎపిసోడ్ చిత్రీకరిస్తాడు, ఎడిటింగులో తన కూర్పు ఇచ్చి మరో ధారావాహికకు వెళ్ళిపోతాడు. రెండో ఎపిసోడ్‌లో ఒక పాత్ర ఎందుకు అబద్ధం చెప్పిందో, ఆ అబద్ధం పదో ఎపిసోడ్‌లో ఎవరి కొంప ముంచుతుందో తెలిసినవాడు రచయిత ఒక్కడే. నటుడికి అనుమానం వచ్చినా, దుస్తులు కుట్టేవారికి రంగు తేలకపోయినా, చివరికి అతని దగ్గరికే రావాలి. అలా వచ్చి వచ్చి, నిర్ణయాలన్నీ అతని బల్ల మీదికి చేరాయి. ఈ ప్రధాన రచయితను అక్కడ ‘షోరన్నర్’ అంటారు, అయితే ఆ మాట టైటిల్స్‌లో కనిపించదు. అక్కడ వేసేది ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్ అనే.

ఆ మెట్టుకు ఒక్క గంతులో చేరరు. స్టాఫ్ రైటర్, స్టోరీ ఎడిటర్, కో ప్రొడ్యూసర్, ప్రొడ్యూసర్, సూపర్‌వైజింగ్ ప్రొడ్యూసర్, కో ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్, అని వరుసగా మెట్లున్నాయి, ప్రతి మెట్టు దగ్గరా రాతతో పాటు కొత్త బాధ్యత ఒకటి వచ్చి చేరుతుంది. గిలిగన్ ఈ మెట్లు ఎక్కింది క్రిస్ కార్టర్ సృష్టించిన ‘ది ఎక్స్ ఫైల్స్’ ధారావాహికలో. 1995 మేలో ప్రసారమైన ఒక ఎపిసోడ్‌ను బయటి రచయితగా రాసి, తర్వాత సిబ్బందిలో చేరి, 2002లో ఆ ధారావాహిక ముగిసేనాటికి ఒంటరిగానూ ఇతరులతో కలిసీ సుమారు 30 ఎపిసోడ్లు రాసి, చివరి సీజన్‌కు ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్ అయ్యారు. అక్కడ రచయిత కాగితాలు అప్పజెప్పి ఇంటికి వెళ్ళడు. నటుల ఎంపికలో కూర్చుంటాడు, సెట్‌కు వెళతాడు, ఎడిటింగ్ గదిలోనూ శబ్దమిశ్రమం దగ్గరా తన ఎపిసోడ్‌ను కాచుకుంటాడు. తాను సినిమా నిజంగా నేర్చుకున్న బడి అదేనని ఆయన చెబుతూంటారు.

ఇది రాస్తున్నప్పుడు నా సొంత అనుభవం ఒకటి గుర్తుకు వస్తుంది. చాలా ఏళ్ళ క్రితం హైదరాబాదులో ఒక రోజువారీ సీరియల్‌కు రాశాను. కోడలి పేరిట వచ్చిన ఉత్తరాన్ని అత్తగారు బియ్యం డబ్బాలో దాచినట్టు ఒక సీన్ పేపర్ పంపాను. చిత్రీకరణ రోజున సెట్‌లో బియ్యం డబ్బా లేదట, ఉత్తరాన్ని దిండు కింద పెట్టించి సీను ముగించారు. ఆ మాట నాకు ఎవరూ చెప్పలేదు, తయారైన ఎపిసోడ్ చూసే ఏర్పాటు రచయితకు లేదు. పదకొండు ఎపిసోడ్ల తర్వాత, సోలతో బియ్యం కొలుస్తున్న అమ్మమ్మ చేతికి ఆ ఉత్తరం తగిలేలా రాశాను. అదే తీశారు, అదే ప్రసారమైంది. దిండు కింద దాచిన ఉత్తరం బియ్యంలోకి ఎలా వచ్చిందని ప్రేక్షకులు అడిగితే, తప్పు రచయితదని తేల్చారు. ఆ సీను చిత్రీకరించిన రోజున నేను సెట్‌లో ఉండి ఉంటే, పక్కింటి నుంచి ఒక డబ్బా తెప్పించడానికి పది నిమిషాలు పట్టేది. అమెరికాలో రచయితను నిర్మాతను చేసింది ఆ పది నిమిషాల అవసరమేనని నా నమ్మకం.

ప్రశ్న: గిలిగన్‌గారిది సినిమా కుటుంబమా? సిఫారసు లేకుండా అంత దూరం వెళ్ళడం సాధ్యమా? (నిజామాబాద్ నుంచి ఒక యువకుడు)

కాదు. 1967 ఫిబ్రవరిలో వర్జీనియా రాష్ట్రంలోని రిచ్‌మండ్‌లో పుట్టి, అదే రాష్ట్రంలో ఫార్మ్‌విల్ అనే చిన్న ఊళ్ళో పెరిగారు. తల్లి బడిపంతులమ్మ, తండ్రి బీమా క్లెయిములు పరిశీలించే ఉద్యోగి. తల్లితో పాటు అదే బడిలో పనిచేసిన మరో ఉపాధ్యాయురాలు సూపర్ 8 అనే తన చిన్న ఫిల్ము కెమెరాను పిల్లల చేతికి ఇచ్చేవారు. ఆ కెమెరాతో ఆడుకున్న పిల్లల్లో ఒకరు గిలిగన్, మరొకరు ఆ ఉపాధ్యాయురాలి కొడుకు ఆంగస్ వాల్. ఈయన తర్వాతి కాలంలో ఎడిటర్‌గా రెండు ఆస్కార్లు అందుకున్నారు. ఒక పల్లెటూరి టీచరు తన ఖరీదైన వస్తువును, పాడవుతుందన్న భయం లేకుండా పిల్లల చేతిలో పెట్టడం ఎంత దూరం వెళ్ళిందో చూడండి.

న్యూయార్క్ విశ్వవిద్యాలయంలో సినిమా చదువు ముగిశాక, 1989లో వర్జీనియా రాష్ట్రం నడిపిన స్క్రీన్‌ప్లే పోటీకి తాను రాసిన ‘హోమ్ ఫ్రైస్’ పంపి బహుమతి గెలిచారు. న్యాయనిర్ణేతల్లో ఒకరు, ‘రెయిన్ మ్యాన్’ సినిమా నిర్మించిన మార్క్ జాన్సన్. బహుమతి ఇచ్చి ఊరుకోకుండా, ఇంకేం రాశావని అడిగింది ఆయనే. ఆ ప్రశ్నకు జవాబుగా బయటికి తీయడానికి కుర్రవాడి దగ్గర మరో స్క్రిప్టు సిద్ధంగా ఉండటం అసలు అదృష్టం. అది ‘వైల్డర్ నేపామ్’ పేరిట 1993లో విడుదలై ఆడలేదు. బహుమతి పొందిన ‘హోమ్ ఫ్రైస్’ తెర మీదికి వచ్చింది 1998లో, అంటే తొమ్మిదేళ్ళకు. జాన్సన్ మాత్రం ఆ రెండు సినిమాలకూ, తర్వాత ‘బ్రేకింగ్ బ్యాడ్’కూ నిర్మాతగా ఆయన పక్కనే ఉన్నారు. కాబట్టి సిఫారసు లేదని నేను అనను. ఆ సిఫారసు ఒక పోటీకి పంపిన కాగితాల కట్ట సంపాదించి పెట్టింది.

ప్రశ్న: నేను ఒక చానెల్‌కు సీరియల్ కథలు రాస్తున్నాను. అక్కడి ‘రైటర్స్ రూమ్’ గురించి వింటుంటాను. పదిమంది కూర్చుని రాస్తే కథ పది దారులు పట్టదా? మన స్టోరీ సిట్టింగులకూ దానికీ తేడా ఏమిటి? (హైదరాబాద్ నుంచి ఒక రచయిత్రి)

మన సిట్టింగుల్లో ఎక్కువగా జరిగేది కథ వినిపించడం. రచయిత చెబుతాడు, హీరో తరఫువారు, నిర్మాత తరఫువారు, ఒక్కోసారి కథతో ఏ సంబంధమూ లేనివారు అభిప్రాయాలు చెబుతారు, చివరికి రచయిత ఆ అభిప్రాయాలన్నీ మూట గట్టుకుని ఇంటికి వెళ్ళి ఒంటరిగా కుస్తీ పడతాడు. అక్కడి గదిలో ఉండేవారందరూ రచయితలే, జీతం తీసుకుని రోజూ వచ్చేవారే, పొద్దున నుంచి సాయంత్రం దాకా వారికి అదే పని.

‘బ్రేకింగ్ బ్యాడ్’ గది లాస్ ఏంజెలెస్ పక్కన బర్బాంక్‌లో ఉండేది. గోడకు కార్కుతో చేసిన పెద్ద పలకలు, మధ్యలో బల్ల, బల్ల చుట్టూ అరడజనుకు అటూ ఇటూగా రచయితలు. ఒక్కో సన్నివేశానికి ఒక్కో చిన్న కార్డు. కార్డు మీద నాలుగు మాటలకంటే పట్టవు, అందుకే అందులో మాటల గారడీ కుదరదు: ఈ సన్నివేశంలో ఏం జరుగుతుంది, దానివల్ల తర్వాత ఏం జరగక తప్పదు, అంతే. ఆ కార్డును పిన్నుతో పలకకు గుచ్చారంటే, గదిలో అందరూ దాన్ని ఒప్పుకున్నట్టు లెక్క. ఒక్క ఎపిసోడ్ పలక నిండడానికి వారాలు పట్టేది. పలక నిండాకే ఆ ఎపిసోడ్‌ను ఒక రచయితకు అప్పగించేవారు, ఆ రచయిత విడిగా కూర్చుని మాటలతో సహా రాసేవారు, రాసినవారి పేరే టైటిల్స్‌లో పడేది. చాలామంది విమర్శకులు ఆ ధారావాహికకు శిఖరంగా చెప్పే ‘ఓజిమాండియాస్’ ఎపిసోడ్ రచయితగా ఉన్న పేరు గిలిగన్‌ది కాదు, మోయిరా వాలీ బెకెట్‌ది. 2014లో రచనకు, అక్కడ టెలివిజన్‌కు ఇచ్చే ఎమ్మీ బహుమతి అందుకున్నదీ ఆమే. ప్రధాన రచయిత తన సిబ్బంది పేరు కింద పడనివ్వకపోవడం కూడా నిర్మాతగా చేయవలసిన పనేనని నేను దీన్నిబట్టి అనుకుంటాను.

ఇక పదిమంది చేతిలో కథ పది దారులు పడుతుందన్న మీ భయం గురించి. అంతా ముందే తెలిసి రాసి ఉంటారని మనం అనుకుంటాం. రెండో సీజన్‌ను నిజంగా అలాగే ముందే అల్లుకున్నారు. అందులో నాలుగు ఎపిసోడ్ల పేర్లు వరుసగా కలిపి చదివితే చివర్లో జరగబోయే విమాన ప్రమాదం బయటపడుతుంది. కానీ 2012లో ఐదో సీజన్ మొదలుపెట్టినప్పుడు, కథానాయకుడు ఒక కారు డిక్కీలో పెద్ద మెషిన్ గన్ చూసుకునే దృశ్యం రాసి, అది ఎవరి మీదికో తమకే తెలియకుండా చిత్రీకరించారు. ఆ తర్వాత నెలల తరబడి ఆ తుపాకీ గదిలో అందరి మెడకూ వేలాడింది. చివరి ఎపిసోడ్‌లో దానికి పని దొరికింది.

ఇంకో ఉదాహరణ మీ వృత్తికి మరీ దగ్గరిది. రెండో సీజన్ చివర ఒక శవం దగ్గర ఆనవాళ్ళు తుడిచే పని లాయరు పాత్ర చేయాలి. ఆ నటుడు బాబ్ ఓడెన్‌కర్క్‌కు మరో ధారావాహికతో తేదీలు కుదరలేదు. మన దగ్గర అయితే ఆ మాటలు ఎవరో ఒకరి నోట చెప్పించి సర్దేస్తారు. అక్కడ రచయితలు లాయరు పంపిన మనిషిగా కొత్త పాత్రను పుట్టించి, జొనాథన్ బ్యాంక్స్‌ను తీసుకున్నారు. తక్కువ మాటలు, అలసిన కళ్ళు, పనిలో ఎక్కడా తొట్రుపాటు లేని మైక్ అనే ఆ ముసలాయన తర్వాతి మూడు సీజన్లలోనూ ముఖ్యుడై, ఆ లాయరు కథగా 2015 నుంచి 2022 దాకా నడిచిన ‘బెటర్ కాల్ సాల్’ ధారావాహికలోనూ మొదటి నుంచి చివరిదాకా ఉన్నారు. కాల్షీటు కుదరకపోవడం అన్నది ఇక్కడా అక్కడా ఒకటే. ఆ వార్త గదిలో ఉన్న రచయితకు వెంటనే చేరడమూ, దాన్ని కథగా మార్చే అధికారం అతని చేతిలో ఉండటమూ తేడా.

ప్రశ్న: రచయిత లెక్కాపత్రం కూడా చూసుకుంటే కథ చెడిపోదా? (అనంతపురం నుంచి ఒక బ్యాంకు ఉద్యోగి)

చెడవచ్చు. కానీ లెక్క తెలియని రచయిత కథను లెక్క తెలిసిన మరొకరు కత్తిరిస్తారు, ఆ కత్తిరింపు ఎప్పుడూ అస్థి ఉన్నచోటే పడుతుంది. ‘బ్రేకింగ్ బ్యాడ్’ను మొదట కాలిఫోర్నియాలోని రివర్‌సైడ్‌లో జరిగే కథగా రాశారు. న్యూ మెక్సికో రాష్ట్రం తమ దగ్గర చిత్రీకరిస్తే అక్కడ పెట్టిన ఖర్చులో 25 శాతం వెనక్కి ఇస్తోంది కాబట్టి, స్టూడియో ఆ రాష్ట్రంలోని అల్బుకర్కీకి వెళ్దామంది. అల్బుకర్కీలో తీసి రివర్‌సైడ్ అని నమ్మించడానికి బదులు, గిలిగన్ కథనే అల్బుకర్కీకి మార్చేశారు. ఎండిన నేల, దూరాన కొండలు, తలమీద అంతులేని ఆకాశం, ఆ ధారావాహిక పేరు చెప్పగానే కళ్ళ ముందు కనిపించేవన్నీ ఆ 25 శాతం ఇచ్చినవే.

2010లో మూడో సీజన్ సగం దాటేసరికి ఖర్చు చెయ్యి దాటిపోయింది. బళ్ళూ సామానూ కొత్త చోటికి కదిలించే స్తోమత లేదు. అప్పుడు రాసినదే ‘ఫ్లై’: దాదాపు మొత్తం ఎపిసోడ్ ఒకే భూగర్భ ప్రయోగశాలలో, మాస్టారూ ఆయన సహాయకుడైన కుర్రవాడూ ఇద్దరే మనుషులు, ఒక ఈగ. ఆ ఈగను చంపితే గాని పని మొదలుపెట్టనంటాడు మాస్టారు. నిద్రమాత్రల మత్తులో, నిచ్చెన మీదున్న కుర్రవాడిని కింద నుంచి పట్టుకుని, చెప్పకూడని ఒక నిజం నాలుక చివరిదాకా తెచ్చుకుని మింగేస్తాడు. ఏమీ జరగలేదని కోప్పడిన ప్రేక్షకులున్నారు. నా మటుకు నాకు ఆ నిచ్చెన దృశ్యం, తుపాకులు పేలిన ఎపిసోడ్లన్నిటికంటే ఎక్కువసార్లు గుర్తుకు వస్తుంది. డబ్బు లేదన్న మాట రచయితలకు వేళకు చేరింది కాబట్టి, ఉన్న రెండు పాత్రలనే లోతుగా తవ్వుకున్నారు.

ప్రశ్న: సినిమాకు రాస్తే పేరూ డబ్బూ ఎక్కువ కదా, ఆయన టెలివిజన్‌లో ఎందుకు ఉండిపోయారు? (తిరుపతి నుంచి ఒక పాఠకుడు)

2008 సంవత్సరం ఒక్కటీ చూస్తే సరిపోతుంది. ఆ జనవరిలో ‘బ్రేకింగ్ బ్యాడ్’ మొదటి ఎపిసోడ్ ప్రసారమైంది. అమెరికాలో చూసినవారు సుమారు 14 లక్షల మంది, అంటే అక్కడి లెక్కల్లో చాలా తక్కువ. జూలైలో విల్ స్మిత్ కథానాయకుడిగా ‘హాన్‌కాక్’ సినిమా విడుదలై ప్రపంచవ్యాప్తంగా 60 కోట్ల డాలర్లకు పైగా వసూలు చేసింది. దానికీ రచయితల్లో ఒకరు గిలిగనే. అయితే ఆ స్క్రిప్టు వి విన్సెంట్ ఎన్‌గో 1990లలో రాసింది, ఏళ్ళ తరబడి చేతులు మారుతూ వచ్చింది. మొదట రాసిన చీకటి కథకూ, విడుదలైన వేసవి వినోదానికీ పోలిక తక్కువ. అమెరికన్ సినిమాలో స్క్రిప్టు అమ్మిన రచయితను తప్పించి మరొకరిని పెట్టుకోవడం మామూలు వ్యవహారం. అంత పెద్ద విజయం సాధించిన సినిమా గురించి గిలిగన్‌ను అడిగేవారు అరుదు. 14 లక్షల మందితో మొదలైన ధారావాహిక ముగింపును, అదే చానెల్‌లో కోటి మందికి పైగా చూశారు.

అయినా ఆ దారి పూలబాట కాదు. 2001లో సహచరులతో కలిసి సృష్టించిన ‘ది లోన్ గన్‌మెన్’ 13 ఎపిసోడ్లకే ఆగిపోయింది. ‘ఎక్స్ ఫైల్స్’ ముగిశాక చేతిలో పెద్దగా పనిలేని రోజుల్లో, పాత మిత్రుడు, రచయిత టామ్ ష్నాజ్‌తో ఫోన్‌లో మాట్లాడుతుండగా, వ్యానులో మత్తుమందు ప్రయోగశాల పెట్టుకుని ఊళ్ళు తిరుగుదామన్న సరదా మాట నుంచి ఈ మాస్టారి కథ పుట్టింది. ఎఫ్ఎక్స్ చానెల్ కొని వదిలేసింది, మరికొన్ని చానెళ్ళు వద్దన్నాయి. ఏఎంసీ ఒప్పుకున్నాక నటుడి దగ్గర పేచీ వచ్చింది: బ్రయాన్ క్రాన్‌స్టన్ అంటే హాస్య ధారావాహికలో తండ్రి వేషమే వారికి తెలుసు. గిలిగన్ 1998లో తాను రాసిన ‘ఎక్స్ ఫైల్స్’ ఎపిసోడ్ ‘డ్రైవ్’ వేసి చూపించారు. అందులో క్రాన్‌స్టన్ వేసిన మనిషి నోరు విప్పితే విషం, అయినా అతను చావకూడదని మనకు అనిపిస్తుంది. పదేళ్ళ క్రితం సెట్‌లో నిలబడి ఆ నటుడిని దగ్గరగా చూసిన రచయిత కాబట్టే ఆ పట్టు పట్టగలిగారు.

ప్రశ్న: 2023లో ఇక్కడ రచయితల సమ్మె వల్ల ధారావాహికలన్నీ ఆగిపోయాయి. దానివల్ల ఒరిగిందేమిటి? తెలుగులో ఇటువంటి వ్యవస్థ వస్తుందా? (న్యూజెర్సీ నుంచి ఒక పాఠకురాలు, ఖమ్మం నుంచి మరొకరు)

సమ్మె గిలిగన్ పనిని ముందూ తాకింది. 2007 నవంబరు నుంచి 100 రోజులు జరిగిన సమ్మె వల్ల ‘బ్రేకింగ్ బ్యాడ్’ మొదటి సీజన్ తొమ్మిది ఎపిసోడ్లకు బదులు ఏడింటితో ఆగింది. అప్పటి గొడవ ఇంటర్నెట్‌లో వచ్చే ఆదాయంలో రచయితకు రావలసిన వాటా గురించి. 2023లో 148 రోజుల సమ్మె తర్వాత, ధారావాహిక గదిలో కనీసం ఇంతమంది రచయితలు ఉండాలన్న నిబంధనా, కృత్రిమ మేధ తయారుచేసినదాన్ని రచయిత రచనతో సమానంగా లెక్కించరాదన్న నిబంధనా ఒప్పందంలోకి వచ్చాయి. మొదటిది చిన్న విషయంగా కనిపిస్తుంది గానీ, నా దృష్టిలో అదే పెద్దది. కింది మెట్టు మీద కుర్రవాళ్ళను నిలబెట్టకపోతే ఇరవై ఏళ్ళ తర్వాత పై మెట్టుకు ఎవరు వస్తారు? ‘బ్రేకింగ్ బ్యాడ్’ గదిలో పనిచేసిన పీటర్ గౌల్డ్ తర్వాత ‘బెటర్ కాల్ సాల్’ను గిలిగన్‌తో కలిసి సృష్టించి నడిపారు, సామ్ క్యాట్లిన్ ‘ప్రీచర్’ అనే ధారావాహిక నడిపారు, మోయిరా వాలీ బెకెట్ సొంత ధారావాహికలు సృష్టించారు.

తెలుగు సంగతికి వస్తే, రాసినవాడు నిర్మాత కావడం మనకు బొత్తిగా కొత్త కాదు. ముళ్లపూడి వెంకటరమణ గారు 1991లో ‘పెళ్లిపుస్తకం’కు రచయితా, నిర్మాతా, బాపు గారి దర్శకత్వంలో ఈటీవీకి ‘శ్రీభాగవతం’ రాసిందీ ఆయనే. కానీ అది ఇద్దరు స్నేహితుల జీవితకాలపు నమ్మకం మీద నిలిచిన ఏర్పాటు, పరిశ్రమ పెట్టిన మెట్లు కావు. మన దగ్గర తన రాత మీద అధికారం కావాలనుకున్న రచయిత దర్శకుడైపోతాడు. 2002లో ‘నువ్వే నువ్వే’తో త్రివిక్రమ్ గారు వెళ్ళింది ఆ దారినే. దర్శకత్వం ఇష్టం లేని, మంచి రచయితలుగానే ఉండిపోదలచినవారికి దారి లేదు. ఓటీటీ సంస్థలు వచ్చాక తెలుగు వెబ్ సిరీస్‌లకు నలుగురైదుగురు రచయితలు కలిసి పనిచేయడం కనిపిస్తోంది. వారిని సెట్‌కూ ఎడిటింగ్ గదికీ రానివ్వాలి. ఖమ్మం మిత్రులకు నా సలహా కూడా అదే: అగ్రిమెంటు మీద సంతకం పెట్టేటప్పుడు పారితోషికంతో పాటు, మీరు రాసిన సీను తీసే రోజున సెట్‌లో ఉండే హక్కును కూడా రాయించుకోండి.

ప్రశ్న: మీరంతా మెచ్చుకుంటున్నారు గానీ, మత్తుమందు తయారుచేసే మనిషిని మా ఇంట్లో కుర్రాళ్ళు హీరోగా చూస్తున్నారు, టీషర్టుల మీద వేసుకుంటున్నారు. దీనికి రచయిత బాధ్యత లేదా? (గుంటూరు నుంచి ఒక విశ్రాంత ఉపాధ్యాయురాలు)

అమ్మా, మీ ప్రశ్నను ఆయనే తనకు తాను వేసుకున్నారు. 2025 ఫిబ్రవరిలో అమెరికన్ రచయితల సంఘం టెలివిజన్ రచనకు ఇచ్చే పెద్ద గౌరవమైన ప్యాడీ చయెఫ్‌స్కీ లారెల్ పురస్కారం అందుకుంటూ, తనను అందరూ గుర్తుపెట్టుకునేది ఒక దుర్మార్గుడిని సృష్టించినందుకేనని, ఇంకాస్త స్ఫూర్తినిచ్చే మనిషిని సృష్టించి గుర్తుండిపోవాలని తనకున్నదని చెప్పారు. హెచ్చరికగా రాసిన దుష్టపాత్రలను జనం ఆదర్శంగా తీసుకుంటున్నారనీ, రచయితలు మళ్ళీ మంచివాళ్ళను రాయవలసిన కాలం వచ్చిందనీ తోటి రచయితలను కోరారు. ఆ ధారావాహిక తన నాయకుడిని ఒక్క చోట కూడా నిర్దోషిగా వదలలేదని నేను గట్టిగా చెప్పగలను, చివరి ఎపిసోడ్‌లో అతని నోటితోనే ఇదంతా తన కోసమే చేశానని చెప్పించారు కూడా. కానీ టీషర్టు వేసుకున్న కుర్రవాడు అంతదాకా చూశాడో లేదో మనకు తెలియదు కాబట్టి, మీ ఆందోళనను కాదనలేను.

ఆయన ఆ మాటను వేదిక మీదే వదిలేయలేదు. 2025 నవంబరులో యాపిల్ టీవీలో మొదలైన ‘ప్లూరిబస్’లో కథానాయిక లోకం మీద విసిగిన రచయిత్రి, కోపిష్టి, అయినా తనకు చేతనైనంతలో సరైన పని చేయడానికి పెనుగులాడే మనిషి. ఆ పాత్రను, ‘బెటర్ కాల్ సాల్’లో ఆరు సీజన్లు తన కళ్ళ ముందు పనిచేసిన నటి రియా సీహార్న్‌ను మనసులో పెట్టుకుని రాశారు. మొదటి ఎపిసోడ్ రచన, దర్శకత్వం ఆయనవే, ఊరు మళ్ళీ అల్బుకర్కీయే. ఎపిసోడ్ ముగిశాక పేర్లన్నీ పైకి వెళుతున్నప్పుడు కాస్త ఆగి చూడండి. చిట్టచివర, ఈ ధారావాహికను మనుషులు తయారుచేశారన్న అర్థం వచ్చే ఒక చిన్న వాక్యం వేశారు.